టూరింగ్ డేరా నుంచి ఫంక్షన్ హాలు దాకా: నల్లగొండ, పాలమూరు ఊళ్ల టాకీసుల చరిత్ర (చర్చ)

గడియారం చౌరస్తా:
నల్లగొండ, మహబూబ్‌నగర్ (పాలమూరు) పట్టణాల్లో గాని, వాటి కింది పాత తాలూకా కేంద్రాల్లో గాని సినిమా హాలు జ్ఞాపకం లేని ఇల్లు ఉండదు. అయినా ఏ హాలు ఎప్పుడు వెలిసింది, ఏయే ఊళ్ల జనం వచ్చేవారు, చివరికి ఎందుకు మూతపడింది అన్న సంగతులు ఒకచోట రాసిపెట్టినవారు నాకు కనిపించలేదు. అందుకే ఈ చర్చ మొదలుపెడుతున్నాను. చాలా హాళ్ల స్థలాలు ఇప్పటికీ వారసుల వ్యాజ్యాల్లో ఉన్నందున హాలు పేరు, యజమాని పేరు రాయకుండా, ఊరు చెప్పి, మీరు స్వయంగా చూసినదీ మీ ఇంటి పెద్దలు చెప్పినదీ మాత్రమే రాయవలసిందిగా మనవి.

నేను ఎరిగిన హాలు నల్లగొండ పాతబస్తీ వైపు ఉండేది. మా నాన్నగారు చెప్పిన ప్రకారం అది మొదట ధాన్యం గోదాము. పైన రేకులు, తెర ముందు నేల, దాని వెనుక బెంచీలు, ఆ వెనుక కుర్చీలు, ఒక పక్కన గుడ్డ తెర కట్టిన జనానా, అంటే ఆడవారి చోటు. ఆయన చూసిన తొలి ఆటలకు టికెట్టు డబ్బులు నిజాం నాణెమైన హాలీ సిక్కాలో ఇచ్చేవారట. వాన పడితే రేకుల మోతలో మాటలేవీ వినిపించేవి కావు. వాన వెలిశాక ఆ రీలును మళ్ళీ వేయాలని నేల తరగతివారు పట్టుబట్టేవారు, చాలాసార్లు వేయించుకునేవారు కూడా.

నా ప్రశ్న ఒకటే. టీవీ వచ్చి హాళ్లను ముంచిందని అందరూ అంటారు. హైదరాబాదులో దూరదర్శన్ కేంద్రం 1977లో మొదలైంది. మా హాలు ఆ తరువాత పాతికేళ్లకు పైగా ఆడింది. మరి దాన్ని ముంచినది ఏది?

దేవరకొండ తాలూకా:
పక్కా హాళ్లకు ముందటి సంగతి లేకుండా ఈ చరిత్ర మొదలు కాదని నా అభిప్రాయం. మా వైపు సినిమా అంటే చాలాకాలం డేరానే. టూరింగ్ లైసెన్సు కొంత గడువుకే ఇచ్చేవారు. గడువు తీరగానే డేరా పీకి మరో ఊరికి వెళ్ళవలసిందే. వానాకాలంలో నల్లరేగడి నేలలో గుంజలు నిలవవు, బండ్లు దిగబడతాయి గనుక పని ఆగిపోయేది. అందుకని డేరావాళ్ల సంవత్సరం దసరా తరువాతనే మొదలయ్యేది. కార్తీకంలో కురుమూర్తి జాతర, మాఘంలో చెర్వుగట్టు జాతర వారికి పంట రోజులు. రెండేళ్లకోసారి వచ్చే సూర్యాపేట పెద్దగట్టు జాతర గురించి వాళ్లు ముందు సంవత్సరం నుంచే మాట్లాడుకునేవారు.

డేరాలో ఒకటే ప్రొజెక్టరు ఉండేది. కనుక ప్రతి రీలు అయిపోగానే దీపాలు వేసి, కొత్త రీలు ఎక్కించేదాకా ఆగవలసి వచ్చేది. ఇప్పటివారికి ఇది చిరాకు అనిపించవచ్చు గాని, ఆ విరామాల్లోనే పల్లీలూ సోడాలూ అమ్ముడుపోయేవి, కథ అర్థం కానివారికి అర్థమైనవారు చెప్పేవారు. కరెంటు లేని ఊళ్లలో ఆయిలింజను జనరేటరే గతి. డేరాకు చాలా దూరంగా పెట్టినా దాని డగడగ శబ్దం పాటల మధ్యలో వినిపిస్తూనే ఉండేది. ఆట మొదలయ్యే ముందు మైకులో ఘంటసాల పాడిన వేంకటేశ్వరుని పాట వేసేవారు. చుట్టుపక్కల తండాలవారికి, పల్లెలవారికి అదే పిలుపు. ఆ పాట అయ్యేలోపు చేరుకోవాలని బండ్లను అదిలించేవారు. మా ఇంటి ఆడవాళ్లు గూడు కట్టిన కచ్చడం బండిలో వెళ్ళేవారు, మగవారు వెనుక నడిచేవారు.

మిర్యాల కాలువ:
దేవరకొండ అన్న రాసినది డేరాల సంగతి. పక్కా హాళ్లు ఎప్పుడు లేచాయో తెలియాలంటే మా వైపు కాలువ నీళ్లు ఎప్పుడు పారాయో చూడాలి. నాగార్జునసాగర్‌కు 1955 డిసెంబరు 10న నెహ్రూ శంకుస్థాపన చేశారు, 1967 ఆగస్టులో కాలువలకు నీరు వదిలారు. ప్రాజెక్టు కట్టే రోజుల్లో అక్కడి కాలనీల్లో కూలీలు, మేస్త్రీలు, ఉద్యోగులు కలిసి ఒక పట్టణమంత జనం. వారం కూలి చేతికి వచ్చిన సాయంత్రం సినిమా దగ్గర నిలబడటానికి చోటు ఉండేది కాదని మా మేనమామ చెప్పేవారు. ఎడమ కాలువ కింద వరి మొదలయ్యాక మిర్యాలగూడ, హుజూర్‌నగర్, కోదాడ వైపు రైసు మిల్లులు వెలిశాయి, ఆ మిల్లుల డబ్బులోంచే కొన్ని హాళ్లు లేచాయి. వ్యాపారస్తునికి హాలు కట్టడం గౌరవం కూడా: ఊరికి కలెక్టరు వచ్చినా పక్కన కుర్చీ వేసేవారు.

మా హాలు కలెక్షన్ పంటతో పాటు లేచి పంటతో పాటు పడేది. ధాన్యం మిల్లుకు చేరే నెలల్లో హమాలీలు రెండో ఆటకు వచ్చేవారు, ఎందుకంటే మొదటి ఆట సమయానికి వారి పని తెమలదు. ఒళ్లంతా తవుడుతో వచ్చి కూర్చునే వారి కోసం మేనేజరు ఒక వరుస బెంచీలను విడిగా వదిలేవాడు. అది మర్యాదా, దూరం పెట్టడమా అన్నది నాకు ఇప్పటికీ తేలలేదు. రెండూ కావచ్చు.

పాలమూరు పాత టౌన్:
మీకు నీళ్లు వచ్చాయి, మాకు రాలేదు. మా జిల్లా హాళ్ల చరిత్రలో మొదటి వాక్యం వలస. మట్టిపనికి, ప్రాజెక్టుల పనికి ముఠామేస్త్రీ దగ్గర అడ్వాన్సు తీసుకొని ఊళ్లకు ఊళ్లు వెళ్ళిపోతే, పండుగకు విడుదలైన పెద్ద సినిమా మా దగ్గరికి వచ్చేసరికి చూసేవారుండేవారు కాదు. అప్పట్లో కొత్త సినిమా ముందు హైదరాబాదులో ఆడి, తరువాత జిల్లా కేంద్రానికి, ఆ తరువాత తాలూకాకు వచ్చేది. ప్రింట్లు తక్కువ గనుక నెలలు పట్టేది. మా మేనేజరు ఈ లెక్క బాగా ఎరిగినవాడు. జనం లేని నెలల్లో తక్కువ అద్దెకు దొరికే పాత సినిమా డబ్బాలు ఆడించి, మృగశిరకు ముందు కూలీలు తిరిగి వచ్చే రోజులకు మంచి పౌరాణికాలను, జానపదాలను దాచుకునేవాడు. సంవత్సరమంతా బయటి ఊరిలో రాళ్లు మోసినవాడు ఇంటిల్లిపాదినీ తీసుకొని వచ్చి, ఆ ఒక్క రోజు కుర్చీ టికెట్టే కొనేవాడు.

హిందీ సినిమాల మాట కూడా ఎవరూ ఎత్తలేదు. నిజాం ఏరియా (సినిమావారి మాటలో తెలంగాణ ప్రాంతం) పంపిణీ మొత్తం హైదరాబాదు నుంచి నడిచేది, మా పట్టణంలో ఉర్దూ మాట్లాడే కుటుంబాలు ఎక్కువ. శుక్రవారం పగటి ఆటకు హిందీ, రాత్రి ఆటలకు తెలుగు వేసిన రోజులు నేను చూశాను. పోస్టరు మీద పేరు మూడు లిపుల్లో ఉండేది. రంజాన్ మాసంలో రాత్రి రెండో ఆట దాదాపు ఖాళీగా ఉండి, ఈద్ నాడు మాత్రం పగటి ఆటకే గేటు విరిగేంత రద్దీ ఉండేది.

ఆపరేటర్ కొడుకు, వనపర్తి:
మా నాన్నగారు ప్రొజెక్టరు గదిలోనే జీవితం గడిపారు గనుక ఆ గది గురించి నేను రాస్తాను. హాలు గురించి మాట్లాడేవారు తెరవైపు చూస్తారు. నేను గోడకు ఉన్న ఆ రెండు చదరపు కిటికీల వెనుక పెరిగాను.

పక్కా హాల్లో రెండు ప్రొజెక్టర్లు ఉంటాయి. ముప్పై అయిదు మిల్లీమీటర్ల ఫిలిం సెకనుకు 24 ఫ్రేముల చొప్పున, నిమిషానికి 90 అడుగుల చొప్పున నడుస్తుంది. రెండు వేల అడుగుల రీలు 22 నిమిషాలు వస్తుంది. రీలు చివరికి వచ్చేసరికి తెర కుడివైపు పై మూలన చిన్న గుండ్రటి చుక్క మెరుస్తుంది. ఆ చుక్క చూడగానే రెండో మిషను మోటారు వేయాలి. కొన్ని సెకండ్ల తరువాత రెండో చుక్క కనబడగానే ఒకదాని వెలుగు మూసి ఇంకోదాని వెలుగు తెరవాలి. ఇదంతా సరిగ్గా జరిగితే హాల్లో ఒక్కరికీ తెలియదు. తప్పితే మాత్రం ఈలలు, బెంచీల మీద దరువులు, మా నాన్నగారి ముందు తరాల పేర్లతో సహా తిట్లు.

వెలుగు కార్బన్ కడ్డీల నుంచి వచ్చేది. ఎదురెదురుగా రెండు కడ్డీలు పెట్టి కరెంటు ఇస్తే వాటి మొనల మధ్య మంట లేస్తుంది. కడ్డీ కాలిపోతూ ఉంటుంది గనుక ఆ ఎడాన్ని చేత్తో తిప్పుతూ సరిచేస్తూ ఉండాలి. పరధ్యానంగా ఉంటే తెర పసుపు రంగుకు తిరిగి, ఆ తరువాత నల్లబడుతుంది. ఆ మంటను నేరుగా చూడకూడదు గనుక నల్లద్దం ఉన్న చిన్న రంధ్రంలోంచి చూసేవారు. పొగ పోవడానికి మిషను మీద గొట్టం పెట్టి కప్పు దాటించేవారు. ఎండాకాలం మధ్యాహ్నం ఆటకు ఆ గదిలో బనియను కూడా బరువే. కాలి మిగిలిన కడ్డీ ముక్కలకు పైన రాగి పూత ఉంటుంది. వాటి కోసం బడి పిల్లలు మెట్ల కింద కాచుకొని ఉండేవారు, వాటితో నల్లబల్ల మీద రాసేవారు, రాగిని గీకి దాచుకునేవారు. తెగిన ఫిలిం ముక్కలకూ అంతే గిరాకీ. నీళ్లు నింపిన బల్బును అద్దంలా పెట్టి, ఇంటి గోడ మీద ఆ ముక్కలోని కథానాయకుణ్ణి నిలబెట్టేవారు.

ఫిలిం తెగితే అతకడం చాలామంది అనుకున్నంత సులువు కాదు. తెగిన కొసను బ్లేడుతో సరిగా కోసి, పైనున్న మసాలా పొరను తడిచేసి గీకి, ఫిలిం సిమెంటు అనే జిగురు రాసి, చక్రం పళ్లకు తగిన రంధ్రాలు ఒకదాని మీద ఒకటి పడేటట్లు నొక్కి పట్టాలి. నాలుగు ఊళ్లు తిరిగి మా దగ్గరికి వచ్చిన డబ్బాలో అటువంటి అతుకులు ఎన్నో ఉండేవి. ప్రతి ఊరి ఆపరేటరూ తెగిన చోట కొన్ని ఫ్రేములు కోసేయవలసిందే గనుక, మేము చూసిన సినిమా హైదరాబాదువారు చూసినదాని కన్నా ఎప్పుడూ కాస్త పొట్టిగానే ఉండేది.

1974లో తెలుగులో మొదటి సినిమాస్కోప్ చిత్రం 'అల్లూరి సీతారామరాజు' వచ్చింది. స్కోపుకు వేరే లెన్సు కావాలి, దానికన్నా ముందు వెడల్పాటి తెర కావాలి. పాత గోదాముల్లో, రేకుల హాళ్లలో వెడల్పు పెంచడానికి గోడలు అడ్డం. మా హాల్లో చేసిన ఉపాయం ఏమిటంటే, తెర పైనా కిందా నల్లగుడ్డ కట్టి ఎత్తు తగ్గించడం. పెద్ద తెర వచ్చిందని మైకు బండిలో ఊరంతా చాటించి, తీరా లోపల తెరను చిన్నది చేశారు. దాని మీద ఎవరైనా గొడవపడ్డట్టు నాకు గుర్తు లేదు.

ఇంకొకటి చెప్పి ఆపుతాను. రెండు ఊళ్లకు కలిపి ఒకే ప్రింటు ఇచ్చిన రోజుల్లో, ఒక ఊళ్లో ముందుగా మొదలుపెట్టి, అయిపోయిన రీళ్లను ఒక కుర్రాడు మోపెడ్ మీద రెండో ఊరికి మోసేవాడు. దారిలో టైరు పంక్చరైతే రెండో ఊళ్లో ఇంటర్వెల్ ఎంతసేపైనా సాగేది. సోడా బండివారికి మాత్రం ఆ కుర్రాడి పంక్చరు కలిసివచ్చేది.

సూర్యాపేట రోడ్డు:
పాలమూరు మిత్రుడు జానపదాల కాలం గుర్తు చేశాడు. మా వైపు ఆ సినిమాలకు ప్రత్యేకమైన గిరాకీ ఉండేది. కాంతారావు గారు కోదాడ దగ్గరి గుడిబండలో పుట్టినవారు. తెర మీద కత్తి దూసినది మన తాలూకా మనిషి అన్న భావం నేల తరగతిలో ప్రతివారికీ ఉండేది. ఆయన సినిమా పాతబడినా మా హాలువారు పండుగలకు మళ్ళీ మళ్ళీ తెప్పించేవారు. దీనికి మించి నాకు తెలిసింది లేదు, మిగతావారు కొనసాగించండి.

లెక్కల మనిషి:
వాణిజ్య పన్నుల శాఖలో గుమస్తాగా పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్నాను. మొదటి ప్రశ్నకు నా వైపు నుంచి సమాధానం పన్నులో ఉంది. పూర్వం వినోదపు పన్ను అమ్మిన టికెట్టు మీద వసూలయ్యేది. అందుకని మా ఇన్‌స్పెక్టర్లు ఆట మధ్యలో లోపలికి వెళ్ళి తలకాయలు లెక్కపెట్టి, బుకింగ్ దగ్గర ఉన్న టికెట్టు కౌంటర్‌ఫాయిళ్లతో సరిచూసేవారు. పంపిణీదారు తరఫున వచ్చే రిప్రజెంటేటివ్ కూడా గేటు దగ్గర అదే పని చేసేవాడు, రాత్రికి రోజువారీ కలెక్షన్ రిపోర్టు మీద సంతకం పెట్టేవాడు. టికెట్టు చింపకుండా లోపలికి పంపి, అదే టికెట్టును తిరిగి బుకింగ్‌కు చేర్చి మళ్ళీ అమ్మడం గేటుకీపర్లందరికీ తెలిసిన విద్య.

1980లలో స్లాబు పద్ధతి వచ్చింది. హాలు నిండితే ఎంత వసూలు కావాలో లెక్కగట్టి, దాని మీద వారానికి ఇంత అని నిర్ణయించిన పన్ను కట్టాలి. జనం వచ్చినా రాకపోయినా అదే మొత్తం. తలకాయల లెక్క తప్పింది గనుక యజమానులు మొదట సంతోషించారు. పండుగ వారాల్లో మిగులు బాగానే కనిపించింది. కాని పాలమూరు మిత్రుడు చెప్పిన వలస నెలల్లో ఖాళీ బెంచీలకు పన్ను కట్టవలసి వచ్చింది. ఖాళీ నెలలు ఎక్కువగా ఉన్న ఊళ్లలోనే ఆ భారం ఎక్కువ. 2017 జూలైలో జీఎస్టీ వచ్చాక వంద రూపాయల లోపు టికెట్టుకు 18 శాతం, ఆ పైన 28 శాతం. 2019 జనవరి నుంచి అవి 12, 18కి తగ్గాయి. అప్పటికే మా వైపు చిన్న హాళ్లు చాలావరకు మూతపడ్డాయి.

గడియారం చౌరస్తా:
లెక్కల మనిషి గారికి నమస్కారం. స్లాబు సంగతి ఇంత వివరంగా నాకు ఎవరూ చెప్పలేదు. అయితే పన్ను కారణమైతే హాళ్లు 1990లలోనే మూతపడాలి గదా. నల్లగొండ హాలు స్థలం ప్రధాన రోడ్డు మీద ఉంది. ఆ స్థలంలో ఇప్పుడు ఫంక్షన్ హాలు ఉంది, ముందు భాగంలో బట్టల దుకాణాలు. పెళ్లిళ్ల ముహూర్తాల్లో ఒక్క రోజు కిరాయి, సినిమాకు ఒక వారం వచ్చేదాని కన్నా ఎక్కువని ఆ స్థలం యజమానులే అంటారు. 2016 అక్టోబరులో వనపర్తి, నాగర్‌కర్నూల్, గద్వాల, సూర్యాపేట జిల్లా కేంద్రాలయ్యాక ఊరి నడిబొడ్డున ఎకరం ఉన్నవాడికి సినిమా మీద మనసు నిలుస్తుందా? ఎవరి పొట్టా కొట్టకుండా హాలు మూతపడింది, భూమి ధర పెరిగి మూతపడింది.

కందనూలు అక్క:
ఎవరి పొట్టా కొట్టకుండా అన్న మాటతో నేను ఏకీభవించను. వనపర్తి తమ్ముని నాన్నగారినే అడగండి. దానికన్నా ముఖ్యమైన సంగతి ఒకటి ఈ చర్చలో మగవారెవరికీ తట్టలేదు. హాళ్ల నుంచి ముందుగా వెళ్ళిపోయింది ఆడవాళ్లు.

నాగర్‌కర్నూల్‌లో మా అమ్మ, పిన్ని, పక్కింటివారు కలిసి మ్యాట్నీకి వెళ్ళేవారు. వంట ముగించి, పిల్లలను చంకనేసుకొని, గుప్పెడు మరమరాలు కొంగున కట్టుకొని వెళితే, చీకటి పడకముందే ఇంటికి చేరేవారు. ఆడవారి తరగతికి వేరే గేటు, వేరే బుకింగ్ కిటికీ ఉండేవి. ఏడ్చే పిల్లలను ఎత్తుకొని తిప్పడానికి వెనుక ఖాళీ స్థలం ఉండేది. మగవాడెవడైనా అటు వస్తే గేటు దగ్గర ఉండే ముసలామె తిట్టి పంపేది. నా దృష్టిలో మ్యాట్నీయే హాలుకు వెన్నెముక. మగవారు ఒక సినిమాకు ఒకసారి వస్తారు. ఆడవారు నచ్చితే మరోసారి, చుట్టం వస్తే ఇంకోసారి వెళ్ళేవారు.

తరువాత ఏం జరిగింది? ఆడవారి తరగతిని ఎత్తేసి, అందరినీ ఒకే బాల్కనీలో కలిపారు. మరుగుదొడ్ల సంగతి చెప్పనే అక్కరలేదు: తలుపుకు గడియ ఉండదు, నీళ్లుండవు, దీపం ఉండదు. మూడు గంటల ఆటకు వెళ్ళే ముందు నీళ్లు తాగకూడదని మా అమ్మ మాకు నేర్పింది. ఒకసారి ఇంటర్వెల్లో నేను వెళ్ళి, లోపల అడుగుపెట్టలేక వెనక్కి వచ్చి, ఫిర్యాదు చేద్దామని మేనేజరు గది దగ్గర నిలబడితే, సినిమా చూడడానికి వచ్చారా ఇందుకు వచ్చారా అని నవ్వాడు. మిగతా సగం సినిమా నాకు గుర్తు లేదు. 1987లో దూరదర్శన్‌లో ఆదివారం పొద్దున రామాయణం మొదలైనప్పుడు మా వీధిలో టీవీ ఉన్న ఇంటి వాకిలి నిండేది. టీవీ ఆడవాళ్లను లాక్కున్నదని అనవద్దు. హాలు నెట్టివేస్తే వారు ఆ వాకిట్లోకి చేరారు. ఆ తరువాత కేబులు వచ్చింది, ఇక మ్యాట్నీ ఎవరి కోసం? మ్యాట్నీ పోయాక హాలు బతకడం నేను ఏ ఊళ్లోనూ చూడలేదు. స్థలం ధర, పన్ను అన్నవి ఆ తరువాతి మాటలు.

ఆపరేటర్ కొడుకు, వనపర్తి:
అక్కా, మీరు రాసిన మ్యాట్నీ లెక్క నిజమే. మధ్యాహ్నం ఆటకు ఒక్కో రోజు కార్బన్ ఖర్చు కూడా రావడం లేదని నాన్నగారు అనడం నాకు తెలుసు.

ఆయన సంగతి అడిగారు గనుక చెబుతున్నాను. కార్బన్ పోయి జీనాన్ దీపం వచ్చినప్పుడు ఆయన పని తేలికైంది, సంతోషించారు. 2000 తరువాత డిజిటల్ వచ్చినప్పుడు డబ్బాలు, రీళ్లు, అతుకులు అన్నీ పోయాయి. సినిమా ఉపగ్రహం ద్వారా నేరుగా హాల్లోని సర్వరుకు చేరుతుంది, ఆట వేయడానికి ఒక మీట చాలు. దాని మేలు లేకపోలేదు: హైదరాబాదులో విడుదలైన రోజే మా ఊళ్లోనూ కొత్త సినిమా పడింది, అతుకులు లేని బొమ్మ కనిపించింది. కాని అన్ని ఊళ్లలో ఒకే రోజు విడుదలయ్యాక సినిమా ఒక వారంలో ముగిసిపోవడం మొదలైంది. రెండో ఊరివారు మూడు నెలలు ఎదురుచూసి చూసేది ఏమీ మిగలలేదు. నాన్నగారిని కొంతకాలం గేటు దగ్గర నిలబెట్టారు, ఆ తరువాత రావద్దన్నారు. బాకీ ఉన్న జీతం కోసం చాలాసార్లు తిరిగారు.

లీజుదారు:
ఇటీవలి దాకా కల్వకుర్తి వైపు ఒక హాలు లీజుకు నడిపాను గనుక ఇప్పటి లెక్క చెబుతాను. డిజిటల్ సర్వరు, ఏసీ, కొత్త సౌండ్ సిస్టం, కుర్చీలు అన్నీ కలిపి అప్పు చేసి పెట్టాం. ప్రతి సినిమాకు డిజిటల్ కంపెనీల ఛార్జీలు వేరే. ఆ ఛార్జీల గొడవ మీదనే 2018 మార్చిలో కొత్త సినిమాల విడుదల ఆపి హాళ్లు మూశారు. 2020 మార్చిలో కరోనాతో మూతపడ్డాక ఆటలు లేక ఊరికే కూర్చున్నా కరెంటు మినిమం ఛార్జీ తప్పలేదు. 2024 మేలో ఎన్నికలు, ఐపీఎల్, పెద్ద సినిమాలు లేకపోవడం కలిసి, తెలంగాణలో సింగిల్ స్క్రీన్ హాళ్లు పది రోజుల పాటు ఆటలు ఆపేశాయి. మూసి ఉంచితేనే నష్టం తక్కువని అప్పుడు అందరం అనుకున్నాం. పెద్ద హీరో సినిమాకు మొదటి వారం అద్దె పద్ధతి (హాలుకు ఇంత అని కిరాయి) ఉండాలా, పర్సెంటేజీ (వసూళ్లలో వాటా) ఉండాలా అన్నది నాలాంటివాడికి చావుబతుకుల ప్రశ్న. నిర్మాత మొదటి మూడు రోజులు పర్సెంటేజీ వద్దంటాడు, జనం ఆ మూడు రోజులే వస్తారు.

మరుగుదొడ్ల మాట కందనూలు అక్కయ్య గారు రాసింది చదివి నాకు కొంత కష్టంగా తోచింది గాని, కాదనలేను. లీజు తీసుకున్నప్పుడు మేము మొదట డబ్బు పెట్టింది సౌండ్ మీద.

లెక్కల మనిషి:
హాళ్లు కట్టిన తేదీలు తేల్చాలనుకునేవారికి ఒక సూచన. పక్కా హాలు నడపాలంటే రాష్ట్ర సినిమాల నియంత్రణ చట్టం కింద లైసెన్సింగ్ అధికారి నుంచి బి-ఫారం లైసెన్సు ఉండాలి. దానితో పాటు బిల్డింగు ప్లాను, తలుపుల లెక్క, ఇసుక బకెట్లు, నీటి బకెట్లు, కరెంటు పరీక్ష సర్టిఫికెట్లు జతపరిచేవారు. లైసెన్సు ఎప్పటికప్పుడు పునరుద్ధరించుకోవాలి గనుక ఒక్కో హాలుకు దస్త్రం లావుగా ఉంటుంది. 1997లో ఢిల్లీ ఉపహార్ హాలు అగ్నిప్రమాదంలో 59 మంది చనిపోయిన తరువాత మా వైపు కూడా తలుపులు బయటికి తెరుచుకుంటున్నాయా లేదా అని తనిఖీలు గట్టిగా జరిగాయి. ఆ తనిఖీ నివేదికల్లో కుర్చీల సంఖ్య తరగతులవారీగా దొరుకుతుంది. సమాచార హక్కు కింద ఊరి పేరు, వీధి పేరు పెట్టి అడగవచ్చు. జిల్లాలు విడిపోయినప్పుడు పాత దస్త్రాలు కొన్ని కొత్త కలెక్టరేటుకు వెళ్ళాయి, కొన్ని పాతచోటే ఉండిపోయాయి. అందుకని రెండు చోట్లా దరఖాస్తు పెట్టడం మంచిది.

గడియారం చౌరస్తా:
చాలా ఉపయోగపడే సూచన. నల్లగొండకు నేను దరఖాస్తు పెడతాను. మహబూబ్‌నగర్, వనపర్తి దస్త్రాలకు ఇద్దరు ముందుకు వస్తే బాగుంటుంది. అడిగేటప్పుడు ఆడవారి తరగతిలో కుర్చీలెన్ని, మరుగుదొడ్లెన్ని అన్న కాలమ్‌ల నకలు కూడా అడగండి. అక్క వాదం నిలుస్తుందో లేదో ఆ అంకెలే చెబుతాయి. భువనగిరి, ఆలేరు వైపువారు ఇంతవరకు ఎవరూ రాయలేదు. అక్కడి రైల్వే స్టేషన్ల దగ్గర డేరాలు వేసేవారని విన్నాను. చూసినవారుంటే ఏ కాలంలో, ఏ నెలల్లో వేసేవారో రాయగలరు.